కమీషన్, తరుగు పేరుతో కోత: చట్టంలో హద్దు ఉందా?

పద్మనాభం రైతు: మేం వంగ, బెండ వేస్తాం. తెల్లవారుజామున ఆటోలో సరుకు వేసుకుని విశాఖలో ఒక హోల్‌సేల్ మార్కెట్‌కు తీసుకెళ్తాం. అక్కడి కమీషన్ దుకాణం ఆయన పదికి రూపాయి పట్టుకుంటున్నాడు. అది కాక బస్తాకు రెండు కిలోలు తరుగు తీస్తాడు. లెక్క అడిగితే అట్టముక్క మీద ఒక అంకె రాసి చేతిలో పెడతాడు. విత్తనాలకు అడ్వాన్సు ఆయన దగ్గరే తీసుకున్నాం, అందుకని వేరేవాళ్లకు అమ్మనివ్వడు. వీళ్లకు చట్టం ఏమీ అడ్డు లేదా అండీ?

గోపాలపట్నం వకీలు: ఉందండి. 1966 నాటి మన వ్యవసాయ ఉత్పత్తులు, పశుసంపద మార్కెట్ల చట్టం ప్రకారం, నోటిఫై చేసిన, అంటే ప్రభుత్వం అధికారికంగా ప్రకటించిన ప్రాంతంలో, అలా ప్రకటించిన సరుకుతో వ్యాపారం చేయాలంటే మార్కెట్ కమిటీ లైసెన్స్ కావాలి. అది సెక్షన్ 7. మార్కెట్ సెస్, అంటే కమిటీ వసూలు చేసే రుసుము, కట్టాల్సింది కొన్న వ్యాపారి. దాన్ని మీ డబ్బుల్లోంచి కోస్తే ఒప్పుకోకండి. ముందుగా మీ కూరగాయలు ఆ కమిటీ జాబితాలో ఉన్నాయో లేదో కనుక్కోండి. మిగతాదంతా దాని మీదే ఆధారపడుతుంది.

ఇక కమీషన్ సంగతి. కేంద్రం 2017లో ఇచ్చిన నమూనా చట్టంలో త్వరగా పాడయ్యే సరుకుకు 4 శాతం, మిగతావాటికి 2 శాతం మించకూడదని ఉంది. అది నమూనా మాత్రమే, రాష్ట్రం తీసుకుంటేనే అమల్లోకి వస్తుంది. అయినా మీ దగ్గర పట్టేది 10 శాతం. ఎంత అన్యాయమో దీన్నిబట్టే తెలుస్తోంది.

మర్రిపాలెం శ్రీను: కొత్త చట్టం వచ్చాక పాన్ కార్డు ఉంటే చాలు, ఎవరైనా ఎక్కడైనా కొనొచ్చు అన్నారు కదా?

గోపాలపట్నం వకీలు: అది 2020 నాటి కేంద్ర చట్టం. 2021 జనవరిలో సుప్రీంకోర్టు స్టే ఇచ్చింది, అదే ఏడాది చివర్లో పార్లమెంటు రద్దు చేసింది. ఇప్పటికీ ఆ మాట చెప్పి రైతుల నోరు మూయించే వ్యాపారులున్నారు. నమ్మకండి.

బెల్లం ఊరు: మాది అనకాపల్లి వైపు. మా యార్డులో బెల్లం దిమ్మలు వరుసగా పేర్చి, రంగును బట్టి ఒకటో రకం, రెండో రకం అని విడదీసి వేలం పాడతారు. ధర అందరి ముందూ పలుకుతుంది కాబట్టి రాత్రికి రాత్రి మార్చేయడం కష్టం. అయితే చెరకు పెట్టుబడికి వర్తకుడి దగ్గర అప్పు చేసినవాళ్లు ఆయన దగ్గరికే తోలాలి. ధర బాగా పలికినా చేతికొచ్చేది పాత బాకీ పోగా మిగిలింది. మా నాన్న కాలం నుంచీ ఇదే తంతు. నన్నడిగితే తరుగు కన్నా ఈ అడ్వాన్సే పెద్ద ఉచ్చు.

సీతమ్మధార లక్ష్మి: రైతు బజారులో ప్రయత్నించకూడదా అండీ? 1999లో వాటిని పెట్టిందే దళారులు లేకుండా చేయడానికి. కార్డు ఉన్న రైతులే అమ్మాలి, ధరల బోర్డు పెట్టాలి, బజారును చూసుకోవడానికి ఎస్టేట్ ఆఫీసర్ ఉంటారు. నేను వెళ్లే బజారులో ఒక స్టాల్‌లో కార్డు మీద ముసలావిడ ఫొటో ఉంటుంది, తూచేది మాత్రం ఒక కుర్రాడు. బెండకాయలు ఎప్పుడు కోశారని అడిగితే చెప్పలేడు. నిజమైన రైతు చోటు ఇలా బినామీలకు పోతుంటే కడుపు మండుతుంది. మీలాంటివాళ్లు దరఖాస్తు పెట్టాలి.

పాడేరు టీచర్: ఏజెన్సీలో కట్టడి ఇంకోలా ఉండేది. చింతపండు, కరక్కాయ లాంటి అటవీ ఫలసాయాన్ని గిరిజన సహకార సంస్థే కొనాలని 1979లో రెగ్యులేషన్ తెచ్చారు. ఆ సంస్థ ప్రధాన కార్యాలయం విశాఖలోనే ఉంది. తర్వాత 2006 అటవీ హక్కుల చట్టం సేకరించిన సరుకు మీద యాజమాన్యాన్ని, అమ్ముకునే హక్కును గిరిజనులకే ఇచ్చింది. కాఫీ, మిరియాలు అటవీ ఫలసాయం కిందకు రావు, వాటి కోసం షావుకారు నేరుగా తోటకే వస్తాడు. పూత మీదుండగానే అప్పిచ్చి పంట రాయించుకుంటాడు. షెడ్యూల్డ్ ప్రాంతంలో వడ్డీ వ్యాపారానికి లైసెన్స్ ఉండాలని 1960 నుంచే నిబంధన ఉంది. సంతలో ఆ లైసెన్స్ చూపించమని అడిగేవాళ్లే కనపడరు.

గోపాలపట్నం వకీలు: పద్మనాభం గారూ, అప్పు ఇచ్చినాయనకు బాకీ అడిగే హక్కు ఉంది. అప్పు పేరు చెప్పి తూకంలో కోసే హక్కు లేదు. 2009 తూనికల చట్టం కింద కాటాకు తనిఖీ ముద్ర ఉండాలి. సరుకు పేరు, తూకం, ధర, కమీషన్, హమాలీ అన్నీ విడివిడిగా రాసిన పట్టీ అడగండి. ఆ కాగితం లేకపోతే ఏ అధికారి దగ్గరికి వెళ్లినా మీ మాట, ఆయన మాట అన్నట్టే ఉంటుంది.

పద్మనాభం రైతు: అడుగుతానండి. మా ఊరి నుంచి అదే దుకాణానికి వేసేవాళ్లు ఇంకొందరున్నారు, వాళ్లనీ అడగమంటాను. ఇవ్వకపోతే ఫిర్యాదు ఎవరికి?

గోపాలపట్నం వకీలు: కమీషన్ గురించి మార్కెట్ కమిటీ సెక్రటరీకి, తరుగు గురించి తూనికలు కొలతల శాఖకు. రెండూ వేర్వేరు కాగితాల మీద రాసి, రసీదు తీసుకోండి. అందరూ కలిసి సంతకాలు పెడితే మరీ మంచిది. సరుకు దించిన ఆటో అతను ఒప్పుకుంటే సాక్షిగా అతని పేరు కూడా రాయండి.