వాల్టర్ మర్చ్ ఎడిటింగ్, సౌండ్ రెండూ ఎలా చేసేవారు?
సౌండ్ గురించి తెలిసినవాళ్లు కాస్త చెప్పండి. హాలీవుడ్ ఎడిటర్, సౌండ్ డిజైనర్ వాల్టర్ మర్చ్‌కి ‘అపోకలిప్స్ నౌ’ సౌండ్‌కి ఆస్కార్ వచ్చింది, 1996 నాటి ‘ది ఇంగ్లిష్ పేషెంట్’కైతే ఎడిటింగ్, సౌండ్ రెండింటికీ, ఒకే సినిమాకి! ఆయన నిలబడే ఎడిట్ చేస్తారట, మొదటి కట్‌లో సౌండ్ ఆపేసి బొమ్మ ఒక్కటే చూస్తారట (సౌండ్ మనిషి సౌండ్ ఆపడమేంటో!).

నా డౌట్ ఏంటంటే, కట్ చేస్తున్నప్పుడే ఇక్కడ ఫలానా శబ్దం వస్తుందని మనసులో పెట్టుకుని షాట్‌ని ఇంకొన్ని ఫ్రేములు ఉంచుతారా, లేక పిక్చర్ లాక్ (ఇక కట్స్ మార్చకుండా ఎడిట్ ఖరారు చేయడం) అయ్యాకే సౌండ్ ఆలోచిస్తారా? నేను ఎడిటింగ్ అసిస్టెంట్‌ని, మా దగ్గర ఫైల్స్ సౌండ్ వాళ్లకి పంపేస్తే మన పని అయిపోయినట్టే, మిక్సింగ్ గదిలోకి వెళ్లే ఛాన్సే రాదు. రెండూ చేసినవాళ్లు ఎవరైనా ఉన్నారా? ప్రోటూల్స్ (సౌండ్ ఎడిటింగ్, మిక్సింగ్ సాఫ్ట్‌వేర్) ఎంతవరకు రావాలి? పుస్తకాల పేర్లు వద్దు, మీరు పని ఎలా నేర్చుకున్నారో చెప్పండి చాలు.