జింపీ మ్యూజిక్ మస్టర్‌కి అమ్మానాన్నలతో వెళ్లొచ్చా?

బ్రిస్బేన్‌లో ఉంటున్నాం. గుంటూరు నుంచి అమ్మానాన్న వచ్చారు. ఆగస్టు చివర్లో క్వీన్స్‌లాండ్‌లో జరిగే జింపీ మస్టర్‌కి తీసుకెళ్దామని ఉంది. 1982లో మొదలైన కంట్రీ మ్యూజిక్ పండగ ఇది. అమమూర్ క్రీక్ అడవిలో నాలుగు రోజులు, గుడారాల్లోనో క్యారవాన్లలోనో మకాం. ఎక్కువగా వాలంటీర్లే నడిపిస్తారు, సేవా సంస్థలకు విరాళాలు పోగుచేస్తారు. నాన్నకు నచ్చింది ఈ ముక్కే. తెల్లవార్లూ బుర్రకథలు విన్న మనిషి, పాట అర్థం కాకపోయినా కూర్చుంటారు!

టెన్షన్ అంతా రాత్రుల గురించే. అక్కడ అప్పటికి చలికాలం పోదు. నాన్నకు మోకాళ్ల నొప్పులు, నేల మీద పడుకుంటే లేవలేరు. మడత మంచం, రెండు రగ్గులు సరిపోతాయా, లేక క్యారవాన్ అద్దెకు తీసుకోవాలా? వానపడితే మామూలు కారు ఆ బురదలో దిగబడుతుందా? అమ్మ గుడ్డు కూడా ముట్టదు. చిన్న గ్యాస్ స్టవ్ మీద అన్నం, చారు పెట్టుకోనిస్తారా? స్టేజీకి దూరంగా, టాయిలెట్లకు దగ్గరగా చోటు దొరకాలంటే ఏ రోజుకి చేరుకోవాలి?

పెద్దవాళ్లతో వెళ్లొచ్చినవాళ్లు ఎవరైనా ఉంటే కాస్త చెప్పండి. టికెట్లు ఇంకా కొనలేదు.