అప్‌డేట్: మీటింగ్‌లో నోరు విప్పాలంటే గుండె దడ

మీటింగ్‌లో మాట్లాడాలంటే భయం, ఏం చేయాలి అని మూడు నెలల కిందట ఇక్కడ అడిగాను, గుర్తుందా? నా వంతు రాగానే గుండె దడ, చేతుల వణుకు, రాత్రంతా ‘వాళ్లేమనుకున్నారో’ అన్న ఆలోచనే. జవాబిచ్చిన అందరికీ థ్యాంక్స్.

మీ సలహాలు ఒక్కొక్కటే ప్రయత్నించాను. థైరాయిడ్ టెస్ట్ నార్మల్. కాఫీ మానేసినా తేడా లేదు. అద్దం ముందు ప్రాక్టీస్ అయితే బెడిసికొట్టింది, నా మొహం మీదే ధ్యాస ఇంకా పెరిగింది.

పనిచేసింది సైకాలజిస్ట్‌ను కలవమన్న సలహా. సోషల్ యాంగ్జైటీ (నలుగురూ ఏమనుకుంటారోనన్న విపరీతమైన భయం) అని చెప్పి సీబీటీ (ఆలోచనల్ని, అలవాట్లని మార్చుకునే మాటల చికిత్స) మొదలుపెట్టారు. వణుకు కనపడకూడదని నేను మీటింగ్‌లో నీళ్ల గ్లాసును బిగించి పట్టుకునేదాన్ని. ఆ బిగింపు వల్లే వణుకు ఎక్కువవుతోందట! ఒకరోజు నేను మాట్లాడుతుంటే వీడియో తీశారు. చూసే ముందు, ఎంత వణికి ఉంటావో 10కి మార్కులు వేయమన్నారు. 9 వేశాను. తీరా చూస్తే 3 కూడా లేదు, గొంతు కాస్త తడబడింది, అంతే. ఈ వీడియో పద్ధతికి ఆధారం క్లార్క్, వెల్స్ అనే సైకాలజిస్టులు 1995లో చెప్పిన మోడల్ అట.

టెన్షన్ పూర్తిగా పోలేదు. నిన్న మీటింగ్‌లో ఒక అంకె తప్పు చెప్పాను. సరిదిద్దుకుని ముందుకెళ్లాను. రాత్రి నిద్ర పట్టింది.