డాక్టర్ హూ ట్యూన్ ఎవరిది? రాసినాయనదా, చేసినావిడదా?

పాతటేపు: 1963లో బీబీసీలో మొదలైన టీవీ సీరియల్ డాక్టర్ హూ. టైటిల్ మ్యూజిక్‌కి పేరు రాన్ గ్రెయినర్‌ది. ఆయన ఇచ్చింది కాగితం మీద స్వరాలు. దాన్ని శబ్దంగా మార్చింది బీబీసీలో ప్రత్యేక శబ్దాలు తయారుచేసే విభాగమైన రేడియోఫోనిక్ వర్క్‌షాప్‌లో పనిచేసే డెలియా డెర్బీషైర్. నన్నడిగితే సగం ట్యూన్ ఆవిడదే.

గమకం: నేనొప్పుకోను. మన సినిమాల్లోనూ కీబోర్డ్ ప్రోగ్రామర్లు రాత్రిళ్లు కూర్చుని సౌండ్ తయారుచేస్తారు, పోస్టర్ మీద సంగీత దర్శకుడి పేరే ఉంటుంది. వీణ వాయించినంత మాత్రాన కీర్తన మనదైపోతుందా?

పాతటేపు: వీణతో పోలిక కుదరదండీ, ఇక్కడ అసలు వాయిద్యమే లేదు! ఎలక్ట్రానిక్ వాయిద్యాలైన సింథసైజర్లు ఇంకా బజారులోకి రాలేదు. కింద బరువుగా మోగే ఆ బేస్ ఉంది చూశారూ, అది ఒకే ఒక్క తీగను మీటిన శబ్దం. దాన్ని టేపుకెక్కించి, వేగం మార్చి మార్చి ఒక్కో స్వరానికి ఒక్కో ముక్క చేసి, బ్లేడుతో కోసి అతికించారు. పైన ఈలలా సాగే రాగం, పరికరాలు పరీక్షించుకోడానికి వాడే, కరెంటుతో కూత పెట్టే ఆసిలేటర్‌ది. విడివిడి శబ్దాలను ఒకే టేపు మీద పక్కపక్కనే ఎక్కించే మల్టీట్రాక్ లేదు కాబట్టి టేపు మిషన్లన్నీ ఒకేసారి ఆన్ చేసి కలపాలి. ఒకసారి ఎక్కడో ఒక స్వరం తప్పింది. ఎంత వెతికినా దొరక్కపోతే, ఆవిడా సహాయకుడు డిక్ మిల్స్ కలిసి టేపులన్నీ లండన్ మేడా వేల్ స్టూడియో వరండాలో పొడుగ్గా పరిచి, అతుకు అతుకూ చూసుకుంటూ నడిచారట. దీన్ని "ప్రోగ్రామింగ్" అనేస్తే ఎలా?

మూలకూర్చున్నోడు: మధ్యలో దూరుతున్నా, ఏమనుకోకండి. గ్రెయినరే అది విని, ఇది నేను రాసిందేనా అని అడిగాడంటారు. ఆవిడకీ పేరు, రాయల్టీ ఇప్పించాలని చూశాడు. వర్క్‌షాప్ ఉద్యోగుల పేర్లు వేయడం బీబీసీ పద్ధతి కాదు, కాబట్టి కుదరలేదు. ఆవిడ 2001లో పోయారు. తెరమీద పేరు పడింది 2013లో, 50 ఏళ్ల స్పెషల్‌కి.

గమకం: అన్యాయమే, కాదనను. కానీ అది నెలజీతగాళ్ల పేరు మింగేసిన ఆఫీసు తప్పు. ట్యూన్ మాత్రం హార్మోనియం మీద వాయించినా గుర్తుపడతాం. అందుకే అది గ్రెయినర్‌ది.

పాతటేపు: గుర్తుపడతారు, వెన్నులో వణుకు మాత్రం పుట్టదు. 1980లో పీటర్ హోవెల్ సింథసైజర్లతో మళ్లీ చేశాడు, అదే ట్యూన్. రెండూ హెడ్‌ఫోన్స్ పెట్టుకుని ఒకదాని తర్వాత ఒకటి విని రండి, అప్పుడు మాట్లాడదాం.

గమకం: విన్నా. నాకు 1980దే నచ్చింది, ఇప్పుడేమంటారు?