‘జాల్లో’ను తెలుగులో ఏమనాలి?

ప్రశ్న: ఇటలీ దర్శకుడు మారియో బావా (1914–1980) మీద వ్యాసం రాస్తున్నాను. ఆయన తీసిన హత్యల సినిమాలను ‘గియాల్లో’ అంటారు. ఆ మాటకు అర్థం పసుపు రంగట. ‘పచ్చ చిత్రాలు’ అని రాయవచ్చా?

జవాబు: ముందు ఉచ్చారణ సంగతి. ఇటాలియన్ రాతలో ఆ మాటలో కనిపించే ఇకారం పలకదు. ముందున్న హల్లును ‘జ’గా పలకమని చెప్పడానికే అది ఉంది. లకారాన్ని మాత్రం ఒత్తి పలకాలి. కాబట్టి ‘జాల్లో’. ద్విత్వం రాయడం మనకు కష్టమేమీ కాదు కదా!

ఇక ‘పచ్చ చిత్రాలు’ వద్దండీ. మన పచ్చ పసుపూ అవుతుంది, ఆకుపచ్చా అవుతుంది. సగం మంది అడవుల మీద తీసిన సినిమాలనుకుంటారు, మిగతావారు రాజకీయాల్లోకి వెళ్లిపోతారు. పైగా ఆ పసుపు తెరమీది రంగు కాదు, పుస్తకాల అట్టది. మిలాన్‌లోని మొందదోరి ప్రచురణ సంస్థ 1929లో అపరాధ పరిశోధక నవలలను పసుపు అట్టలతో వేయడం మొదలుపెట్టింది. క్రమంగా అట్ట పేరే కథలకు పేరైంది. 1941లో ముస్సోలినీ ప్రభుత్వం ఆ వరుసను ఆపించింది కానీ, మాట నిలిచింది. ఇటలీ పాఠకుడికి అగాథా క్రిస్టీ నవల కూడా జాల్లోయే. బయటి దేశాల సినీ అభిమానులే దాన్ని ఒక ప్రత్యేక తరహా ఇటలీ సినిమాకు పరిమితం చేశారు.

ఆ తరహాకు తొలి చిత్రంగా చాలామంది చెప్పేది బావా 1963లో తీసిన ‘లా రగాత్సా కే సపేవా త్రోప్పో’. అందులో కథానాయిక విమానంలో రోముకు వస్తూ చదివేది ఒక జాల్లో నవలే!

మరొక సభ్యురాలు: అయితే ‘అపరాధ పరిశోధక చిత్రం’ అంటే సరిపోతుందిగా?

జవాబు: నవలకు సరిపోతుంది, బావాకు సరిపోదు. 1964 నాటి ‘సెయ్ దొన్నే పెర్ లస్సస్సీనో’ చూడండి. ఒక ఫ్యాషన్ సంస్థలో మోడళ్లు వరుసగా హత్యకు గురవుతుంటారు. ఇన్‌స్పెక్టర్ అనుమానితులందరినీ లోపల వేసినా మరో హత్య జరుగుతుంది! పరిశోధన అక్కడ పేరుకే. మనం చూసేది ముఖం కనిపించని హంతకుడిని, ఎర్రటి, ఊదారంగు వెలుగుల్లో మెరిసే గదులను. బావా మొదట ఛాయాగ్రాహకుడు, తండ్రి యూజీనియో దగ్గర ట్రిక్కు పనులు నేర్చినవాడు. దర్శకుడు రిక్కార్దో ఫ్రేదా మధ్యలో వదిలేసిన ‘ఈ వాంపీరి’ని (1957) పూర్తి చేసిందీ ఆయనే. అందులో నటి ముఖం మన కళ్ల ముందే ముసలిదవుతుంది. ముడతలను ఎర్రరంగుతో గీశారు. ఎర్ర వెలుగులో ఆ గీతలు నలుపు తెలుపు ఫిల్ము మీద కనబడవు, ఆకుపచ్చ వెలుగులో నల్లగా తేలతాయి. కెమెరా ఆపకుండా వెలుగు మార్చారు, అంతే. నాకు ఆయన కథలకన్నా ఈ పనితనమే ఇష్టం. కథలు చాలావాటిలో పలుచన.

అందుకే నా ఓటు ‘జాల్లో’కే. మొదటిసారి వాడినప్పుడు ఒక్క వాక్యం వివరణ ఇస్తే చాలు. అయితే బావా సినిమాలన్నిటికీ ఆ పేరు తగిలించకండి. 1960 నాటి ‘లా మాస్కెరా దెల్ దెమోనియో’ రష్యన్ రచయిత గోగోల్ కథ ఆధారంగా అల్లిన మంత్రగత్తె సినిమా, 1965 నాటిది అంతరిక్ష కథ, 1968 నాటి ‘దియాబోలిక్’ కామిక్ పుస్తకం నుంచి వచ్చిన దొంగ కథ.

ప్రశ్న అడిగిన సభ్యుడు: ధన్యవాదాలు. ‘జాన్ ఎం. ఓల్డ్’ అనే పేరు ఒకచోట కనిపించింది. ఆయన బావాకు సహాయకుడా?

జవాబు: బావాయే! ‘లా ఫ్రుస్తా ఎ ఇల్ కోర్పో’ (1963) ఆ పేరుతోనే వచ్చింది. ఇటలీ భయానక చిత్రాలను దర్శకులకు ఇంగ్లిష్ పేర్లు పెట్టి అమ్మిన కాలమది. ఫ్రేదా కూడా రాబర్ట్ హ్యాంప్టన్ అయ్యాడు. మీ వ్యాసంలో ఇద్దరిని నలుగురిగా లెక్కపెట్టకండి.