మనసైపోనాది: ఈ మాటకి సాటి వచ్చేది ఉందా?

ఇంకో మనిషి మీద కలిగే కోరికకి తెలుగులో ఏ మాట నప్పుతుందన్న చర్చ ఇక్కడ నడుస్తోంది కదా, నా అనుభవం ఒకటి చెప్తాను. విజయనగరంలో మా మిత్రులు ఇరవై నిమిషాల షార్ట్ ఫిల్మ్ తీస్తున్నారు. డైలాగులు నేను చూస్తున్నాను. పెళ్లయి పదేళ్లు దాటిన ఒకావిడకి ఇంకో మనిషి మీద కలిగిన కోరిక కథ. పెద్దచెరువు గట్టు మీద కూర్చుని చెల్లెలికి ఆ సంగతి మొదటిసారి చెప్తుంది. స్క్రిప్టులో "అతని మీద మోహం కలిగింది" అని రాశాం. రాజాం వైపు నుంచి వచ్చిన నటి చదువుతూ ఆగి, "ఇలాగెవులంటారండి?" అంది. మరి మీరేమంటారంటే, ఆలోచించకుండానే "మనసైపోనాదే చెల్లీ" అనేసింది. సీను అక్కడ నిలబడింది.

ఎందుకు నిలబడిందా అని చూశాను. "మనసు పడ్డాను" అంటే కర్త నేను. "మనసైంది" అంటే నాకు అయింది, నేను చేసింది కాదు. దానికి "పోనాది" (ఇక్కడి యాసలో "పోయింది") తగిలేసరికి, పగిలిపోయింది, జారిపోయింది అన్నట్టు, ఇక చేతిలో లేదన్న అర్థం కూడా వచ్చేసింది. తప్పు ఒప్పుకోవడమూ కాదు, సమర్థించుకోవడమూ కాదు.

మోహం అలా కాదు. ముహ్ ధాతువు నుంచి వచ్చింది, దారి తెలియకపోవడం దాని అర్థం. మూఢుడు, ముగ్ధ కూడా అక్కడివే. పైగా అరిషడ్వర్గంలో కామం మొదటిది, మోహం నాలుగోది. అంటే ఆ మాట వినగానే ఆవిడ మీద తీర్పు పడిపోతుంది. కథ ఇంకా మొదలే కాలేదు!

ఈ చర్చలో ఒకరు "ఆకర్షణ" అన్నారు. కృష్ అంటే లాగడం, కర్షకుడూ ఆ ధాతువుదే. మంచి మాటే, కానీ గురుత్వాకర్షణ పాఠం గుర్తొస్తుంది. ఇంకొకరు చెప్పిన "మక్కువ" నాకు చాలా ఇష్టం. అయితే ఇప్పుడది "పుస్తకాలంటే మక్కువ" దగ్గర ఆగిపోయింది. ఇక్కడివాళ్లకైతే ముందు శంబర పోలమాంబ జాతర జరిగే మక్కువ మండలమే గుర్తొస్తుంది.

డైలాగు ఖాయం చేశాం. టైటిల్ మాత్రం మిగిలింది. "మనసైపోనాది" అనే పెడదామంటే, వేరే జిల్లాలవాళ్లు యాసని కామెడీ అనుకుంటారని డైరెక్టర్ టెన్షన్. ఆ భయం నాకు బాధగా ఉంది. టెక్కలి, పలాస వైపువాళ్లు చెప్పండి: మీ ఇళ్లలో పెద్దవాళ్లు ఈ సంగతి గుసగుసగా చెప్పుకునేటప్పుడు ఏ మాట వాడేవారు?