డబ్బింగ్ జానకి గారి సీరియళ్ల వివరాలు ఎవరి దగ్గరైనా ఉన్నాయా?

అందరికీ నమస్కారం. మాది అమలాపురం దగ్గర పల్లెటూరు. నవంబరు 14 నుంచి జరిగే గ్రంథాలయ వారోత్సవాలకి మా ఊరి లైబ్రరీలో గోదావరి జిల్లాల నటీమణుల మీద చిన్న ప్రదర్శన పెడుతున్నాం. అంజలీదేవి, సూర్యకాంతం గార్ల గురించి కావలసినంత దొరికింది. చిక్కల్లా పెద్దాపురం ఆవిడ డబ్బింగ్ జానకి గారి దగ్గరే.

1983లో వచ్చిన 'సాగర సంగమం'లో కమల్ హాసన్ తల్లి ఆవిడే. పెళ్లిళ్లలో వంటలు చేసి కొడుకుని పెంచిన ఆ తల్లి చనిపోయే సీను చూస్తే మా అమ్మ ఇప్పటికీ కళ్లు తుడుచుకుంటుంది. నన్నడిగితే ఆ సినిమాలో సగం బరువు ఆ తల్లి మోసింది. అయినా పోస్టర్ మీద అమ్మ వేషాలకి చోటెక్కడిది?

సినిమాల జాబితా ఎలాగో కూడగడుతున్నాం. నాకు కావలసింది టీవీ సంగతి. హైదరాబాద్ దూరదర్శన్ రోజుల నుంచీ, 1995లో ఈటీవీ వచ్చాకా ఆవిడ వేసిన సీరియళ్లేవి? ఏ పాత్రలు? ఏ హీరోయిన్లకి గొంతు ఇచ్చారు? అప్పట్లో డబ్బింగ్ వాళ్ల పేర్లు టైటిల్స్‌లో సరిగ్గా వేసేవారు కాదు, అదో తలనొప్పి.

పాత సితార, విజయచిత్ర సంచికలు, హాల్లో అమ్మిన పాటల పుస్తకాలు దాచుకున్నవాళ్లుంటే ఆ పేజీ ఫోటో తీసి పెట్టండి, చాలు. రాజమండ్రి గౌతమీ గ్రంథాలయంలో పాత సినిమా పత్రికలు చూడనిస్తారా? ముందుగా ఎవరిని అడగాలి?